పాత యంత్రము చదువగల లిపి



మొన్నటి సంక్రాంతికి మా యింట చేరిన పిల్లలు, బీరువా పైయరలో పాత దుప్పటి చుట్టి దాచిన నల్లని పెట్టె నొకదానిని దింపి, దుమ్ము తుడిచి, దీనితో ఇప్పుడును ఆడుకొనవచ్చునా యని నన్నడిగిరి. అది ప్లేస్టేషన్ 2 అను కన్సోల్. 2000వ సంవత్సరము మార్చి 4వ తేదీన జపానులో మొదట విడుదలయై, పన్నెండేండ్లకు పైగా తయారగుచు, లోకము మొత్తము మీద పదునైదు కోట్లకు మించి అమ్ముడుపోయిన యంత్రమది. దానితోపాటు ఒక గుడ్డసంచిలో డిస్కులు కొన్ని యున్నవి. వానిలో నాకు మిక్కిలి ప్రియమైనది 'హనుమాన్: బాయ్ వారియర్' అనునది. 2009లో వెలువడిన ఆ యాటను మన హైదరాబాదులోని అరోనా టెక్నాలజీస్ అను సంస్థవారు నిర్మించిరి. ఆ కన్సోల్ కొరకు పూర్తిగా భారతదేశమునందే తయారైన మొదటి ఆటగా దానిని చెప్పుదురు. అదే యేట, అదే నగరమునందు, గేమ్‌శాస్త్ర అను మఱియొక సంస్థవారు మన దేశపు సంప్రదాయ క్రీడలనే వస్తువుగ గైకొని 'దేశీ అడ్డా' అను ఆటను వెలువరించిరి. తెలుగుగడ్డ మీద కూర్చుండి మనవారు చేసిన ఈ పని యెంతమందికి జ్ఞాపకమున్నదో గాని, నా మట్టుకు నాకు ఆ డిస్కులు పాత పుస్తకముల తొలి ముద్రణలవలె భద్రపఱుపదగినవి.

టెలివిజనుకు తీగ కలిపి డిస్కు నమర్చితిమి. యంత్రము మేలుకొన్నది, తెర వెలిగినది. కాని లోపల డిస్కు కొంతసేపు తిరిగి, ఆగి, మరల తిరిగి, తుదకు కదలిక లేక నిలిచిపోయినది. డిస్కు మీద గీతలున్న మాట నిజమే. అంతకంటె ముఖ్యముగ, దానిని చదువవలసిన లేజరు కన్ను ఏండ్ల వాడుకచేత మసకబారినది. ఇది మా యింటి యంత్రమునకు మాత్రమే కలిగిన యవస్థ కాదు. డిస్కులతో నడుచు పాత కన్సోళ్లలో తక్కిన సర్క్యూట్లన్నియు ఆరోగ్యముగ నుండగనే, సామాన్యముగ మొదట చూపు కోల్పోవునది ఆ కన్నే. ఇట్టి సమయమున రెండు మార్గములు కలవు. ఒకటి, ఆ కన్నును మార్పించుట. రెండవది, మనము వెలయిచ్చి కొన్న డిస్కులోని ఆటను కంప్యూటరు మూలమున ఒక ఫైలుగా తీసికొని, పెన్‌డ్రైవులోనో, మెమరీకార్డులోనో, హార్డుడిస్కులోనో ఉంచి, అచటినుండి యంత్రముచేత చదివించుట. ఈ రెండవ మార్గమును గుఱించియే నేడు మాటాడదలచితిని. ఇతరుల సొత్తును వెలలేకుండ దించుకొనుట నా యుద్దేశము కాదు. చేతనున్న డిస్కు చెడిపోకముందే దాని ప్రతిని కాపాడుకొనుటయే నేను చెప్పబూనిన సంగతి.

కాపాడుకొనవలసిన అవసరము చిన్నదని యనుకొనరాదు. అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ వారు 2023లో ప్రకటించిన యొక పరిశీలన ప్రకారము, ఆ దేశమున 2010కి ముందు వెలువడిన ఆటలలో నూటికి 87 అప్పటికి అంగళ్లలో కొత్తగ అమ్మకమునకు లేవు. పుస్తకము ముద్రణలో లేకపోయినను గ్రంథాలయములో నుండును. ఈ యాటలకు ఆపాటి యాశ్రయము కూడ లోకమున ఇంకను బలముగ నేర్పడలేదు. కావున ఇంటింట బీరువాలలో మిగిలిన డిస్కులే వానికి ప్రస్తుతమునకు గ్రంథాలయములు.

మా మేనల్లుడు ఇంజనీరు. సంగతి వినగనే బజారుకు పోయి కొత్త పెన్‌డ్రైవు తెచ్చి, నా ముందు పెట్టి, "మావయ్యా, దీన్ని ఎక్స్‌ఫాట్‌లో ఫార్మాట్ చేసేశాను. అన్నిటికంటే కొత్తది, పెద్ద ఫైళ్లకు అదే మంచిది కదా!" అనెను. "కాస్త ఆగు నాయనా, దీన్ని చదవవలసిన వాడెవడో ముందు చూద్దాం" అంటిని. ఆనాడు వానితో మొదలుపెట్టిన మాటలే ఈ ప్రసంగమునకు మూలము.

వానికి ముందుగ నొక పోలిక చెప్పితిని. తంజావూరి సరస్వతీ మహలు అను గ్రంథాలయములో సంస్కృత గ్రంథములు నాగరి లిపిలోను, గ్రంథ లిపిలోను, తెలుగు లిపిలోను కూడ నున్నవి. భాష యొక్కటే, భావ మొక్కటే. కాని గ్రంథ లిపి యెఱుగని పండితుని చేతికి ఆ తాటాకుల నిచ్చినచో, ఆయన యెంతటి విద్వాంసుడైనను మొదటి పంక్తి దాటలేడు. పెన్‌డ్రైవును ఫార్మాట్ చేయుటయనగా దాని మీద నొక లిపిని స్థాపించుటయే. అందు వ్రాయబోవు ఆట యెంత గొప్పదైనను, డ్రైవు ఎంత ఖరీదైనదైనను, చదువవలసిన యంత్రమునకు ఆ లిపి రానిచో అది ఖాళీ పలకతో సమానము. కాబట్టి ఏ ఫార్మాట్ గొప్పది యని విచారించుట కంటె, ఏ యంత్రము, ఏ ప్రోగ్రాము దీనిని చదువవలసియున్నది, అవి యే నాటివి, వానికి ఏ లిపి వచ్చును అని విచారించుట మేలు. నేను చెప్పదలచిన ముఖ్యవిషయ మిదియే. తక్కినదంతయు దీని వివరణము.

ఇక ఆ లిపి స్వరూపమెట్టిదో చూతము. కొత్త డ్రైవు సరిహద్దులు గీయని బీడునేల వంటిది. దానిని ఫార్మాట్ చేయునప్పుడు మొదట నేలను సమానమైన చెక్కలుగా విభజింతురు. ఈ చెక్కకు క్లస్టర్ అని పేరు. పిమ్మట పూర్వము గ్రామ కరణము అడంగలు వ్రాసినట్లు, ఏ చెక్క యెవరి స్వాధీనమందున్నదో తెలుపు పట్టిక నొకదానిని డ్రైవు మొదటి భాగమున వ్రాయుదురు. ఫాట్ అను పద్ధతిలో ఈ పట్టికయే ప్రాణము. ఆ పేరునకు అర్థమే ఫైళ్లకు స్థలము కేటాయించు పట్టిక యని. ఒక ఫైలు ఫలానా చెక్కలో మొదలగునని జాబితాలో నుండును. ఆ చెక్కకు ఎదురుగ, తరువాతి చెక్క సంఖ్య వ్రాసియుండును. దానికెదురుగ దాని తరువాతిది. ఇట్లు చేయి పట్టుకొని నడిపించినట్లు తుదివఱకు గొలుసు సాగును. 1977లో మార్క్ మెక్‌డొనాల్డ్ అను ఆయన మైక్రోసాఫ్ట్ సంస్థలో ఫ్లాపీ డిస్కుల కొరకు కల్పించిన ఈ ఏర్పాటు, క్రమముగ పెరిగి పెరిగి, 1996లో ఫాట్ 32 అను రూపము దాల్చినది. దీని గుణమంతయు దీని సారళ్యమునందే కలదు. కొద్దిపాటి జ్ఞాపకశక్తి గల యంత్రము కూడ ఈ గొలుసును పట్టుకొని నడువగలదు. ప్లేస్టేషన్ 2 ప్రధాన జ్ఞాపకము 32 మెగాబైట్లు మాత్రమేయని తలచినచో, ఈ సారళ్యము విలువ తెలియును. కెమెరాలు, పాటల పెట్టెలు, కారులోని రేడియోలు, పాత కన్సోళ్ల కొరకు వ్రాసిన ప్రోగ్రాములు పెక్కు ఈ యొక్క లిపిని నేర్చుకొనుటకు కారణమదియే.

చెక్క పరిమాణమెంత యుండవలెనను ప్రశ్న చాలమంది ఉపేక్షింతురు గాని, అందొక సొగసైన లెక్క కలదు. ధాన్యమును కుంచముతో మాత్రమే కొలిచి గాదెలో అరలు కేటాయించువాడు, గిద్దెడు గింజలకైనను కుంచమెడు చోటు ఈయక తప్పదు. సూపర్ మేరియో బ్రదర్స్ అను సుప్రసిద్ధమైన ఆట మొత్తము 40 కిలోబైట్లు. చెక్క 32 కిలోబైట్లదైనచో దానికి రెండు చెక్కలు, అనగా 64 కిలోబైట్ల చోటు పోవును. 24 కిలోబైట్లు వృథా. చెక్క 4 కిలోబైట్లదైనచో పది చెక్కలలో ఒక్క గింజ పోకుండ ఇమిడిపోవును. అట్లని చిన్న చెక్కయే మేలని నిర్ణయింపరాదు. 4 గిగాబైట్ల ఆట నొకదానిని చిన్న చెక్కలలో పఱచినచో గొలుసులో పది లక్షలకు పైగా కొలుకు లేర్పడును. 32 కిలోబైట్ల చెక్కలైనచో లక్షా ముప్పదియొక వేలతో సరిపోవును. బలహీనమైన యంత్రము ఆ గొలుసును ఎంత తక్కువ తడవినచో అంత హాయిగా నడచును. అందుచేత డిస్కు ఆటల కొరకు 32 కిలోబైట్ల చెక్కను ఎన్నుకొనుట అనుభవజ్ఞుల వాడుక. వృథా యగు కొద్ది చోటును గూర్చి చింతింపనక్కఱలేదు. నేటి కార్డులలో చోటునకు కొదువ లేదు.

ఫాట్ 32కు ఉన్న పెద్ద లోపము వేరు. ఫైలు పొడవును వ్రాయుటకు ఆనాటివారు జాబితాలో 4 బైట్ల చోటు, అనగా 32 బిట్ల గడి, కేటాయించిరి. ఆ గడిలో పట్టగల మిక్కిలి పెద్ద సంఖ్య 429 కోట్ల 49 లక్షల 67 వేల 295. అంతకు మించిన పొడవును అందు వ్రాయ వీలులేదు. కాని ఒక్క పొర గల డీవీడీలో సుమారు 470 కోట్ల బైట్లు పట్టును. రెండు పొరలదానిలో 850 కోట్లు. కావున నిండుగ నున్న డీవీడీ ఆట ఒక్క ఫైలుగా ఫాట్ 32లో ఇమడదు. డ్రైవులో నూరు గిగాబైట్లు ఖాళీగ నుండగా చోటు చాలదన్నట్లు కంప్యూటరు నిరాకరించుట చూచి అనేకులు కలత చెందుదురు. చోటు లేక కాదు. ఆ పొడవును వ్రాయుటకు గడి చాలక.

ఈ లోపమును తీర్చుటకే 2006లో ఎక్స్‌ఫాట్ వచ్చినది. అందు పొడవును వ్రాయు గడి రెట్టింపు, 64 బిట్లు. అంతకంటె నాకు నచ్చిన గుణమొకటి అందున్నది: ఒక ఫైలు చెక్కలన్నియు వరుసగ నున్నచో, ఆ సంగతిని ఒక గుర్తుతో తెలిపి, గొలుసును తడవవలసిన పనిలేకుండ చేయును. 2009లో 32 గిగాబైట్లకు మించిన మెమరీకార్డులకు దీనినే ప్రమాణముగ స్వీకరించిరి. మఱి ఇంత చక్కని పద్ధతిని పాత కన్సోళ్ల ప్రోగ్రాములు వెంటనే ఏల గ్రహింపలేదు? ఆ ప్రోగ్రాములను వ్రాసినవారు సంస్థలవారు కారు. తీరిక వేళలలో, జీతము లేకుండ, ప్రేమకొలది వ్రాసిన ఔత్సాహికులు. ఎక్స్‌ఫాట్ మీద మైక్రోసాఫ్ట్‌కు పేటెంటు హక్కులుండెను. దాని పూర్తి వివరములను ఆ సంస్థ బహిరంగముగ ప్రకటించినది 2019 ఆగస్టులో మాత్రమే. అంతవఱకు ఫాట్ 32 అందఱి బాటయై, ఎక్స్‌ఫాట్ కంచె వేసిన పొలమై యుండెను. యంత్రములకు లిపి రాకుండుటలో సాంకేతిక కారణము కొంతయే. తక్కినది న్యాయశాస్త్ర కారణము.

విండోస్ కంప్యూటర్లలో నడుచు ఎన్‌టీఎఫ్ఎస్ అను మూడవ పద్ధతి 1993 నాటిది. ఫైళ్ల లెక్కలలో చేయబోవు మార్పులను ముందుగ నొక చిట్టాలో వ్రాసికొని, పిమ్మట అమలుజరుపుట దాని యలవాటు. అందుచేత నడుమ విద్యుత్తు పోయినను లెక్క తప్పదు. కంప్యూటరునకు ఇది రక్షాకవచము. కాని చిన్న యంత్రములకు ఈ చిట్టాలు, అనుమతులు, దస్తావేజులు మోయరాని బరువు. పాత కన్సోల్ నేరుగ చదువవలసిన డ్రైవునకు దీనిని నేను ఎవరికిని సలహా చెప్పను.

ఇప్పుడు మా ప్లేస్టేషన్ వద్దకు వత్తము. దానియందు 8 మెగాబైట్ల మెమరీకార్డులో ఫ్రీ మెక్‌బూట్ అను చిన్న ప్రోగ్రామును నిలిపి, దాని మూలమున ఓపెన్ పీఎస్2 లోడర్ అనుదానిని నడుపుదురు. ఈ లోడర్ ఆట ఫైలును డిస్కుగ భ్రమింపజేసి యంత్రమునకు అందించును. ఆట నడుచునప్పుడు, డిస్కులో ఫలానా దూరమున నున్న సమాచారము కావలెనని యంత్రము అడుగును. లోడర్ ఫైలు మొదలు ఎచటనో చూచి, అచటినుండి అంత దూరము లెక్కించి చదివి యిచ్చును. ఫైలు వరుస తప్పక పఱచియున్నప్పుడే ఈ లెక్క నిలుచును. తాటాకుల కట్టలో నడిమి ఆకులు వేరొక కట్టలో కలిసిపోయినచో పారాయణము ఆగిపోయినట్లు, ఫైలు తునకలై చెదరినచో ఈ లోడర్ పాత కూర్పులు ఆటను మొదలుపెట్టనే పెట్టవు. ఫార్మాట్ ఎన్నికను గూర్చి గంటలకొలది తర్కించువారు సైతము ఈ సంగతిని మఱచిపోయి, తప్పంతయు ఫార్మాట్ మీద మోపుదురు. ఉన్న ఆటలను తుడిచి ఆ ఖాళీలలో కొత్తవానిని ఇఱికించినప్పుడును, రెండు ఫైళ్లను ఏకకాలమున నకలు చేసినప్పుడును ఈ చెదరుట సంభవించును. కావున డ్రైవును పూర్తిగ ఖాళీ చేసి, ఫార్మాట్ చేసి, ఒక ఫైలు ముగిసిన తరువాతనే మఱియొకటి చొప్పున నకలు చేయవలెను. ఇంతకు మించిన మందు లేదు. ఇంతకంటె సులభమైన మందును లేదు.

మా మేనల్లుని వాదములో సత్యము లేకపోలేదు. ఈ లోడర్ ఇటీవలి కూర్పులు ఎక్స్‌ఫాట్‌ను చదువగలవు. వానితో పెద్ద డీవీడీ ఆటను ముక్కలు చేయకయే ఉంచవచ్చును. అయినను నేను ఫాట్ 32నే కోరితిని. ఏలయన, ఆ డ్రైవును చదువువాడు లోడర్ ఒక్కడే కాదు. మెమరీకార్డులోని ఫైళ్లను అటునిటు మార్చుటకు వాడు యూలాంచ్‌ఎల్ఫ్ వంటి పాత పరికరములు ఫాట్ 32 నెఱిగినవి. ఇంటిలో నలుగురు చదువవలసిన ఉత్తరమును నలుగురికిని వచ్చిన లిపిలో వ్రాయుట ఉచితము గదా. పరిమితి దాటిన ఆట యున్నచో దానిని గిగాబైటు చొప్పున ముక్కలుగ చేసి, వాని వరుసను తెలుపు చిన్న ఫైలు నొకదానిని జతచేయు పరికరములు ఏనాటినుండియో కలవు. ఆ వరుసను తెలుపు ఫైలును మాత్రము పోగొట్టుకొనరాదు.

వేగమును గూర్చి యొక మాట. ఈ కన్సోల్‌కు గల యూఎస్‌బీ రంధ్రములు 1.1 తరమువి. సెకనుకు 12 మెగాబిట్లు, అనగా ఒకటిన్నర మెగాబైట్లు, దాని సిద్ధాంత పరిమితి. ఆచరణలో అంతకును తక్కువ. దాని డీవీడీ భాగమో, సెకనుకు ఐదు మెగాబైట్లకు పైగా చదువగలదు. కాబట్టి యూఎస్‌బీ నుండి ఆడునప్పుడు ఆట సాఫీగనే సాగినను, నడుమ వచ్చు చలనచిత్ర ఖండములు తడబడుట సహజము. ఇది డ్రైవు లోపము కాదు. ఎంత వేగవంతమైన ఎస్ఎస్‌డీని తెచ్చి తగిలించినను, సన్నని గొట్టము గుండ వచ్చు నీరు సన్నగనే వచ్చును. అట్టిదాని మీద డబ్బు వెచ్చింపవలదని నా మనవి. పెద్ద రూపమున నున్న పాత ప్లేస్టేషన్లకు వెనుక భాగమున నెట్‌వర్క్ అడాప్టరు తగిలించి, లోపల హార్డుడిస్కు నుంచు వీలున్నది. దానికి సోనీవారు రచించిన విభజన పద్ధతి వేరు, ఫైళ్ల పద్ధతి వేరు. కంప్యూటరు దానిని నేరుగ గుర్తింపక, ఫార్మాట్ చేయవలెనా యని అడుగును. తొందరపడి సరే యన్నచో ఉన్న ఆటలన్నియు పోవును. 2004 నుండి వచ్చిన సన్నని నమూనాలలో ఆ చోటే లేదు; మాది అట్టిదే.

సన్నని నమూనాకు ఈథర్నెట్ రంధ్రము కలదు. దాని మూలమున ఇంటి కంప్యూటరులోని ఆటలను తీగ గుండ తెప్పించి ఆడవచ్చును. యూఎస్‌బీ కంటె ఇది వేగవంతము. ఇందు ముచ్చటైన విశేషమొకటి యున్నది. ఇప్పుడు డ్రైవును చదువునది కన్సోల్ కాదు, కంప్యూటరు. కన్సోల్ అడిగిన ముక్కను కంప్యూటరు చదివి వినిపించును. కావున ఆ డ్రైవు ఎన్‌టీఎఫ్ఎస్‌లో నున్నను, మఱి దేనిలో నున్నను చింత లేదు. లిపి రానివానికి ఇంకొకరు చదివిపెట్టినట్లు. అయితే ఈ యంత్రము మాటాడు ఎస్ఎంబీ అను భాష తొలినాటి మాండలికము. భద్రత చాలదని నేటి కంప్యూటర్లు దానిని మూసియుంచినవి. దానిని తెఱచినవారు ఆ కంప్యూటరును ఇంటి పనికి మాత్రమే వాడుట క్షేమము.

నింటెండోవారి వీ అను కన్సోల్ చరిత్ర ఇంకొక రీతిది. అది 2006 నవంబరులో వచ్చినది. దాని డిస్కు పరిమాణము డీవీడీ పరిమాణమే. కాని చాల ఆటలలో అసలు సరకు కొంతయే యుండి, తక్కిన చోటు అర్థరహితమైన పూరక సమాచారముతో నిండియుండును. ఔత్సాహికులు ఆ పూరకమును వదలి, సారమును మాత్రమే దాచు డబ్ల్యూబీఎఫ్ఎస్ అను పద్ధతిని 2009లో కల్పించి, మొదట డ్రైవునంతటిని ఆ పద్ధతిలోనే ఫార్మాట్ చేసిరి. కొంతకాలమునకు దాని కష్టము తెలిసినది. ఆ డ్రైవును ప్రత్యేక ప్రోగ్రాము లేనిదే యే కంప్యూటరును చదువలేదు. ఆటలు తప్ప అందు వేఱేమియు పెట్టరాదు. చెడినచో బాగుచేయు సాధనములు తక్కువ. పిమ్మట వారే, డ్రైవును ఫాట్ 32లో నుంచి, ఆ సారమును మాత్రము అదే పేరుగల ఫైళ్లుగ అందు దాచు మార్గమునకు మరలిరి. పూరకము తొలగుటచేత ఫైళ్లలో పెక్కు సహజముగనే పరిమితికి లోబడును. లోబడనివానిని రెండు ముక్కలు చేయుదురు. సొంత లిపి కల్పించుకొన్నవారు అందఱి లిపికి తిరిగివచ్చిన ఈ వృత్తాంతమును మా మేనల్లునికి నేను ప్రత్యేకముగ వినిపించితిని. వీ కన్సోల్‌లో గేమ్‌క్యూబ్ అను పాత కన్సోల్ ఆటలను నడుపు నింటెండోంట్ అను ప్రోగ్రాముకు కూడ ఫాట్ 32యే తగినది; ఆ చిన్న డిస్కు ఒకటిన్నర గిగాబైట్లకు లోబడియుండును గనుక ముక్కల బెడదయే లేదు.

క్యాసెట్లతో నడచిన అంతకు పూర్వపు కన్సోళ్లకు ఈ చింతలు లేవు. నింటెండో 64 క్యాసెట్లలో మిక్కిలి పెద్దవి 64 మెగాబైట్లు. మెమరీకార్డును చదువగల ఎవర్‌డ్రైవ్ వంటి కొత్త క్యాసెట్లలో ఒక చిన్న కార్డును ఫాట్ 32లో ఫార్మాట్ చేసి పెట్టినచో చాలును. డ్రీమ్‌కాస్ట్ అను కన్సోల్‌లో డిస్కు భాగమునకు బదులుగ అమర్చు జీడీఈఎంయూ అను పలక కూడ ఫాట్ 32 కార్డునే కోరును. అందు ఆటల ఫోల్డర్లకు 01, 02 అని వరుస సంఖ్యలే పేర్లుగ నుండవలెను. 2001 నాటి ఎక్స్‌బాక్స్‌కు ఫాట్‌ఎక్స్ అను సొంత పద్ధతి కలదు. పైగా దాని హార్డుడిస్కునకు ఆ యంత్రమునకే తెలిసిన తాళపు సంకేతముండును. దాని జోలికి పోవువారు ముందు చదివి, పిదప చేయి పెట్టవలెను.

కొనునప్పుడును, ఫార్మాట్ చేయునప్పుడును తెలిసికొనవలసిన సంగతులు రెండు మూడున్నవి. 32 గిగాబైట్లకు మించిన కార్డును ఫాట్ 32లో ఫార్మాట్ చేయుటకు విండోస్ పరికరము చిరకాలము అంగీకరింపలేదు. అది ఫాట్ 32 పరిమితి కాదు, ఆ పరికరము తనకు తాను పెట్టుకొన్న కట్టడి; ఫాట్ 32 సామాన్యముగ 2 టెరాబైట్ల వఱకు పోగలదు. 2024 ఆగస్టులో మైక్రోసాఫ్ట్‌వారు తమ పరీక్షా కూర్పులో ఆదేశములను టైపు చేసి ఫార్మాట్ చేయు మార్గమున ఈ కట్టడిని 2 టెరాబైట్లకు సడలించిరి. అంతవఱకు ఇతరులు వ్రాసిన పరికరములే ఆధారము. పెద్ద కార్డు ఎక్స్‌ఫాట్‌లో ఫార్మాట్ అయి వచ్చుట చూచి అది ఫాట్ 32కు పనికిరాదని భ్రమింపవలదు. ఇంకొకటి: డ్రైవును భాగములుగ విభజించు పటము ఎంబీఆర్ అను పాత పద్ధతిలో నుండవలెను గాని, జీపీటీ అను కొత్త పద్ధతిలో నుండరాదు. ఫార్మాట్ సరిగనే యున్నది, యంత్రము మాత్రము డ్రైవు లేదనుచున్నది అని వాపోవువారిలో అనేకుల కష్టము ఇచటనే యుండును.

మూడవది నా యనుభవము. కొన్నేండ్ల క్రిందట ఒక అంగడిలో 128 గిగాబైట్లని వ్రాసియున్న మెమరీకార్డును చౌకగ కొంటిని. ఆటలు నకలు చేయునప్పుడు ఏ లోపమును కనబడలేదు. మొదటి కొన్ని చక్కగ నడచినవి కూడ. తక్కినవన్నియు మొదలుపెట్టగనే ఆగిపోవుచుండెను. మూడు రాత్రులు ఫార్మాట్ మార్చి మార్చి చూచితిని. తుదకు కార్డునంతటిని సమాచారముతో నింపి, మరల చదివి సరిచూచు పరీక్ష చేయగా, దానిలో నిజముగ నున్న చోటు 8 గిగాబైట్లేయని తేలినది. కార్డులోని చిన్న యంత్రాంగము లేని చోటును ఉన్నట్లు చెప్పుచు, వచ్చిన సమాచారమును పాతదానిపైననే వ్రాయుచుండెను. నాటినుండి ఏ కొత్త డ్రైవునైనను ఈ పరీక్ష కాకుండ నేను ఫార్మాట్ చేయను. దీనికి కొన్ని గంటలు పట్టును, పట్టనీయుడు.

ఇట్లు మాటలలోనే భోగి గడచినది. మఱునాడు మేనల్లుడు తన పెన్‌డ్రైవును పరీక్షించి, ఎంబీఆర్ పటము గీసి, 32 కిలోబైట్ల చెక్కలతో ఫాట్ 32లో ఫార్మాట్ చేసెను. కన్సోల్ చదువలేకపోయిన ఆ హనుమంతుని డిస్కును కంప్యూటరులోని డీవీడీ భాగము, రెండు మూడు చోట్ల నెమ్మదించినను, తుదివఱకు చదివినది. ముందుగ దానిని, అది ముగిసిన పిమ్మట తక్కినవానిని, ఒక్కొక్కటిగ నకలు చేసితిమి. కనుమ నాటి సాయంకాలము టెలివిజను ముందు పిల్లలు చాప పఱచుకొని కూర్చుండిరి. డ్రైవు మీద అంటించిన తెల్లని చీటీ పైన మేనల్లుడు, రాబోవు సంవత్సరములలో దీనిని తెఱచువారికి తెలియుటకై, ఫాట్ 32, ఎంబీఆర్, 32 కేబీ అని చిన్న యక్షరములతో వ్రాసెను. పెద్దపిల్ల అతని చేతిలోని కలము తీసికొని, ఆ క్రింద మిగిలిన కొద్ది చోటులో, 'హనుమంతుడు ఇందులో ఉన్నాడు' అని చేర్చినది.